ముందు మోకాలు వెతకండి: ఫ్లారెన్స్‌లో కంచు విగ్రహాలు చూసే పద్ధతి

మనవాళ్ళు ఇటలీ వస్తే ఫ్లారెన్స్‌కి ఒక రోజు కేటాయిస్తారు. అందులో సగం మైకెలాంజెలో పాలరాతి దావీదు క్యూలో పోతుంది. మిగతా సగం డ్యూమో, అంటే ఊరి పెద్ద చర్చి, ముందు ఫోటోలకీ, తోలు బ్యాగుల బేరాలకీ సరిపోతుంది. కంచు విగ్రహాల జోలికి పెద్దగా ఎవరూ పోరు. పోయినవాళ్ళు కూడా "అన్నీ నల్లగా ఒకేలా ఉన్నాయి" అని ఐదు నిమిషాల్లో బయటికొచ్చేస్తారు.

నేను బొలోన్యాలో ఉంటాను. ఫాస్ట్ ట్రైన్ ఎక్కితే ఫ్లారెన్స్ నలభై నిమిషాల లోపే. ఊరినుంచి చుట్టాలెవరొచ్చినా తిప్పే డ్యూటీ నాదే. ఇక్కడికి రాకముందు హైదరాబాద్ బాలానగర్‌లో ఒక ఫౌండ్రీ క్వాలిటీ సెక్షన్లో పనిచేశాను. మేం పోసేవి వాల్వు భాగాలు, పంపు ఇంపెల్లర్లు. పద్ధతి మాత్రం ఆరు వందల ఏళ్ళ కింద ఈ ఊళ్ళో విగ్రహాలకి వాడినదే: మైనంతో నమూనా, దాని చుట్టూ మూస, మైనం కరిగించి తీసేసి ఆ ఖాళీలో లోహం. అందుకని ఏ కంచు విగ్రహం కనబడ్డా నా కాళ్ళు ముందు దాని వెనక్కి పోతాయి. అతుకులెక్కడ ఉన్నాయి, గోడ మందం ఎంత, ఎక్కడ పోత సరిగ్గా పారలేదు, ఇవీ నేను వెతికేవి. అలా వెతుకుతూ వెతుకుతూ ఈ ఊళ్ళో పదిహేనో శతాబ్దంలో జరిగినదేమిటో కొంత అర్థమైంది.

దాన్ని మానవతావాదం అంటారు. దేవుణ్ణి పక్కన పెట్టి మనిషిని పైకెత్తారు అని చాలామంది చెబుతారు. నాకు ఆ మాట ఒప్పుకోబుద్ధి కాదు. డబ్బు పెట్టినవాళ్ళు భక్తులే, కథలు బైబిల్ కథలే, విగ్రహాలు నిలబెట్టింది ఎక్కువగా చర్చి గోడల్లోనే. మారింది ఆ కథల్లో ఉన్నవాళ్ళ ఒళ్ళు. అంతకుముందు పరిశుద్ధుడంటే అందమైన మడతలున్న బట్ట, దాని మీద ఒక తల, ఆశీర్వదించే చెయ్యి. ఈ వందేళ్ళలో ఆ బట్ట కింద మోకాలు వచ్చింది, నడుము వచ్చింది, ఒక కాలి మీద బరువు మోపి నిలబడటం వచ్చింది, ముఖంలో సందేహం వచ్చింది. చుట్టాలకి నేను చెప్పేది కూడా ఇదే: ఏ విగ్రహం ముందు నిలబడినా మొదట మోకాలు ఎక్కడుందో వెతకండి. ఆ తర్వాత బరువు ఏ కాలి మీద ఉందో చూడండి. ముఖం చివర్లో.

ముందు రోజు రాత్రి

హోటల్లో అరగంట తీరిక చేసుకుని మూడు భాగాలు చదవండి. ఆదికాండము 22వ అధ్యాయం, అంటే అబ్రాహాము తన కొడుకు ఇస్సాకుని బలివ్వబోయిన కథ. 1 సమూయేలు 17, దావీదు గొల్యాతుని కొట్టిన కథ. యోహాను సువార్త 20వ అధ్యాయం చివరి భాగం, గాయాలు చూస్తే తప్ప నమ్మనన్న తోమా కథ. తెలుగు బైబిల్ ఫోన్లోనే దొరుకుతుంది. మా పక్కింటి వదినది గుంటూరు జిల్లా. చిన్నప్పటినుంచీ సండే స్కూల్లో ఈ కథలు విన్న మనిషి. ఒకసారి నాతో వస్తే, నేను బోర్డు చదివేలోపే ఏ పలకలో ఎవరున్నారో వేలు పెట్టి చూపించేసింది. ఆడియో గైడ్ డబ్బులు మిగిలాయి.

బోర్డుల మీద పేర్లు ఇటాలియన్‌లో ఉంటాయి. ఇసాక్కో అంటే ఇస్సాకు, జొవాన్ని బత్తిస్తా అంటే బాప్తిస్మమిచ్చు యోహాను, మత్తెయో అంటే మత్తయి, తొమ్మాసో అంటే తోమా. టికెట్లు ఆన్‌లైన్లో తీసుకోండి. మ్యూజియంలకి వారంలో సెలవు రోజులు వేరువేరుగా ఉంటాయి, అది ముందే చూసుకోండి.

కంచు గురించి ఇంత తెలిస్తే చాలు

కంచు అంటే రాగిలో కొంత తగరం. కరగడానికి దాదాపు వెయ్యి డిగ్రీల వేడి కావాలి. పెద్ద విగ్రహాన్ని గట్టిగా, నిండుగా పోయరు. ఖర్చు ఒక కారణం. రెండోది, మందం ఎక్కువైతే లోహం ఒక్కోచోట ఒక్కో వేగంతో చల్లారుతుంది, పగుళ్ళొస్తాయి. అందుకే కజ్జికాయలో పూర్ణంలా లోపల మట్టి కోర్, దాని మీద పలచటి మైనం పొర, మైనం మీదే ముఖం, వేళ్ళు, బట్ట మడతలు అన్నీ చెక్కుతారు. దానికి లోహం పోవడానికీ గాలి బయటికి రావడానికీ గొట్టాలు పెట్టి, పైన మళ్ళీ మట్టి మూస కడతారు. కాల్చితే మైనం కరిగి కారిపోతుంది. ఆ సందులో కంచు పోస్తారు. చల్లారాక మూస పగలగొట్టాలి. అంటే ఒక్కటే ఛాన్స్. పోత చెడితే నెలల తరబడి మైనం మీద చేసిన పని మొత్తం పోయినట్టే.

అయితే మూసలోంచి బయటికొచ్చిన విగ్రహం చూడటానికి అసహ్యంగా ఉంటుంది. గొట్టాల మొండేలు, రంధ్రాలు, మసి. వాటిని కోసి, అరగదీసి, ఉలితో మళ్ళీ గీతలు తేల్చాలి. మా ఫౌండ్రీ భాషలో ఫెట్లింగ్. మనం చూడబోయే కంచు తలుపులు చేసిన శిల్పి గిబెర్తికి ఏళ్ళు పట్టింది ఎక్కువగా ఈ పనికే. బంగారు పూత ఉంటే అది ఇంకో పని. బంగారాన్ని పాదరసంలో కలిపి ముద్దగా చేసి, కంచు మీద రాసి, వేడి చేస్తారు. పాదరసం ఆవిరైపోయి బంగారం పట్టుకుంటుంది. ఆ ఆవిరి పీల్చిన పనివాళ్ళ సంగతి ఏ బోర్డు మీదా రాసి ఉండదు.

ఇంకొక్క మాట. పాలరాయిలో నిలబడ్డ మనిషిని చెక్కితే చీలమండల దగ్గర విరిగిపోయే ప్రమాదం ఉంది, అందుకే ఏదో ఒక ఆసరా పెడతారు. మైకెలాంజెలో దావీదు కుడి కాలి వెనక చెట్టు మొద్దు ఉంటుంది, చూడండి. కంచుకి ఆ బాధ లేదు. సన్నటి కాళ్ళ మీద నిలబెట్టొచ్చు, చెయ్యి ఒంటికి దూరంగా చాచొచ్చు, కత్తి పట్టించొచ్చు. మనిషిని మనిషిలా నిలబెట్టాలన్న కోరిక పుట్టినప్పుడు కంచు ఎందుకు అంత పనికొచ్చిందో దీంతో తెలుస్తుంది.

మొదటి మజిలీ: మూడు తలుపులు

పొద్దున్నే డ్యూమో వెనకున్న ఒపెరా దెల్ డ్యూమో మ్యూజియంకి వెళ్ళండి. డ్యూమో ఎదురుగా ఉన్న బాప్తిస్మశాలకి ఇప్పుడు బిగించి ఉన్నవి నకళ్ళు. జనమంతా వాటి ముందే ఫోన్లు పట్టుకుని తోసుకుంటూ ఉంటారు. అసలు తలుపులు మూడూ మ్యూజియంలో ఒకే పెద్ద హాల్లో, అద్దాల వెనక, ప్రశాంతంగా ఉన్నాయి.

వాటిని వయసు వరసలో చూడాలి. మొదటిది ఆంద్రెయా పిసానో చేసింది, 1336లో పూర్తయింది. రెండోది లొరెంజో గిబెర్తి 1403 నుంచి 1424 దాకా చేసింది. మూడోది కూడా గిబెర్తిదే, 1425 నుంచి 1452 దాకా. స్వర్గద్వారం అని పిలిచేది దీన్నే. ఆ పేరు పెట్టింది మైకెలాంజెలో అని, కళాకారుల జీవితకథలు రాసిన వసారి చెప్పాడు. రెండు జతల తలుపులకి ఒక మనిషి యాభై ఏళ్ళు ఖర్చు పెట్టాడన్నమాట.

మొదటి రెండిటిలో 28 చిన్న పలకలు. ప్రతి పలకలో నాలుగు రేకుల పువ్వు ఆకారంలో చట్రం, వెనక ఖాళీ కంచు, ముందు బంగారు బొమ్మలు. మూడో తలుపుకి కూడా 28 పలకల ప్రణాళికే రాసిచ్చాడు లియొనార్దో బ్రూనీ. ఈయన పాత గ్రీకు, లాటిన్ గ్రంథాలు తిరగేసిన పండితుడు, తర్వాత ఈ నగరానికి ఛాన్సలర్ అయ్యాడు. ఇరవై కథలు, ఎనిమిది మంది ప్రవక్తలు, పాత తలుపుల లెక్కే. మానవతావాది అంటే ఈయనే అసలు సిసలు మనిషి, కానీ తలుపు విషయంలో ఈయన మాట చెల్లలేదు. తయారైంది పది పెద్ద చతురస్రాలు. గిబెర్తి తనకి పూర్తి స్వేచ్ఛ ఇచ్చారని రాసుకున్నాడు. శాస్త్రం తెలిసినవాడి ప్రణాళిక కన్నా చేతి పని తెలిసినవాడి ప్రణాళిక గెలిచిందని నాకు లోపల కొంచెం సంతోషం.

పదిలో ఒక్కటి నిదానంగా చూస్తే చాలు. ఇస్సాకు కవల కొడుకులు యాకోబు, ఏశావుల పలక వెతకండి. ముందు వేటకుక్కలుంటాయి, గుర్తుపట్టడం తేలిక. వెనక ఆర్చీలున్న రోమన్ తరహా భవనం, గచ్చు మీద గీతలు దూరంగా పోయేకొద్దీ దగ్గరవుతాయి. ఒకే చట్రంలో పుట్టుక, జ్యేష్ఠత్వం అమ్ముకోవడం, వేటకి పంపడం, గుడ్డి తండ్రిని మోసం చేసి ఆశీర్వాదం పుచ్చుకోవడం అన్నీ ఉన్నాయి. ఇప్పుడు పక్కకి జరిగి, పలకని వాలుగా చూడండి. ముందున్న మనుషులు దాదాపు పూర్తి విగ్రహాలు, వెనకవాళ్ళు గోటితో గీసినంత పలచన. ఎదురుగా నిలబడితే ఈ తేడా తెలియదు, లోతే తెలుస్తుంది. తలుపు రెక్కలు రెండూ కలిసేచోట అంచుల్లో చిన్న చిన్న తలలు బయటికి వచ్చి ఉంటాయి. అందులో బట్టతల ఆసామి గిబెర్తియే. చర్చి తలుపు మీద పనివాడు తన ముఖం పెట్టుకున్నాడు. ముందు తలుపు మీద కూడా పెట్టుకున్నాడు, ఈసారి వయసు మీదపడింది, అంతే.

1966 నవంబర్ 4న ఆర్నో నది పొంగి ఊరు మునిగినప్పుడు ఈ తలుపు నుంచి కొన్ని పలకలు ఊడి నీళ్ళల్లో పడ్డాయి. శుభ్రం చేసి, బాగుచేసి 2012లో ఇక్కడ పెట్టారు.

ఓర్సాన్‌మికేలే: అసలు పాఠం ఇక్కడే

డ్యూమో నుంచి కాల్జాయువోలి వీధిలో తిన్నగా నడవండి. కుడిచేతి వైపు పెద్ద పెట్టెలాంటి రాతి భవనం వస్తుంది. ఒకప్పుడు ధాన్యం మార్కెట్, పైన గిడ్డంగి, తర్వాత చర్చి. దీని బయటి గోడల్లో గూళ్ళున్నాయి. ఊళ్ళోని ఒక్కో వృత్తి సంఘం ఒక్కో గూటిలో తమ పరిశుద్ధుణ్ణి నిలబెట్టింది. పాలరాయి కన్నా కంచు చాలా రెట్లు ఖరీదు కాబట్టి డబ్బున్న సంఘాలే కంచు పోయించుకున్నాయి. కవచాలు చేసేవాళ్ళ సంఘం పాలరాతి పరిశుద్ధ జార్జితో సరిపెట్టుకుంది. అది ఆ కాలపు గొప్ప శిల్పి దొనాతెల్లో చేతి పని కావడం వాళ్ళ అదృష్టం.

బయట ఇప్పుడున్నవి నకళ్ళు. ముందు ఓ చుట్టు బయట తిరిగి, ఏ గూడు వీధికి ఎంత దగ్గరో చూసుకోండి. పరిశుద్ధులు జనం భుజాలకి కాస్త పైనే ఉన్నారు. తర్వాత మెట్లెక్కి పైనున్న మ్యూజియంకి వెళ్ళండి. అసలు విగ్రహాలు గూళ్ళు లేకుండా నిలబడి ఉంటాయి. చుట్టూ తిరగొచ్చు.

మొదట బాప్తిస్మమిచ్చు యోహాను దగ్గర ఆగండి. గిబెర్తి, 1412 నుంచి 1416. కాలిమాల అనే బట్టల వ్యాపారుల సంఘం చేయించింది. మనిషి కన్నా పెద్దది, రెండున్నర మీటర్లు. పోత చెడితే నష్టం నాదే అని గిబెర్తి ఒప్పుకుని చేశాడు. కాస్టింగ్ పని తెలిసినవాళ్ళకి ఆ టెన్షన్ ఎలాంటిదో చెప్పనక్కర్లేదు. ఇప్పుడు మోకాలు వెతకండి. పెద్ద పెద్ద అర్ధచంద్రాకారపు మడతలు పైనుంచి కిందికి జారుతుంటాయి. చాలా అందంగా ఉంటాయి. కానీ ఒళ్ళు మొత్తం బట్ట చాటున దాక్కుంది.

అక్కడినుంచి మత్తయి దగ్గరికి రండి. అదే గిబెర్తి, 1419 నుంచి 1422. చేయించింది బ్యాంకర్ల సంఘం. మత్తయి సువార్త రాయకముందు సుంకం వసూలు చేసేవాడు కదా, వాళ్ళకి సరిగ్గా సరిపోయాడు. రెండు ముక్కలకి మించకుండా పోయాలని ఒప్పందంలో రాయించుకున్నారు. మొదటి పోత కొంతమేర చెడింది, గిబెర్తి సొంత ఖర్చుతో ఆ భాగం మళ్ళీ పోశాడు. ఈయనలో మోకాలు వెంటనే దొరుకుతుంది. బట్ట రోమన్ వక్త కప్పుకునే శాలువాలా ఒంటికి చుట్టుకుని, కింద కాలు ఎక్కడ వంగిందో చూపిస్తోంది. బరువు ఒక కాలి మీద ఉంది. రెండో కాలు వదులుగా ఉంది. చేతిలో తెరిచిన పుస్తకం. దారిన పోయేవాళ్ళకి ఏదో చెప్పబోతున్నట్టు ఉంటాడు.

ఇద్దరి మధ్యా ఆరేడేళ్ళ తేడా. ఇద్దరినీ చేసింది ఒకే మనిషి, ఇద్దరూ నిలబడింది ఒకే భవనం గోడల్లో. మానవతావాదం మీద ఎన్ని లెక్చర్లు విన్నా ఈ రెండు విగ్రహాల మధ్య నాలుగు సార్లు అటూ ఇటూ నడిచినంత స్పష్టంగా తెలియదు. పాత రోమ్ విగ్రహాలు, నాణేలు, శవపేటికల మీది చెక్కడాలు వీళ్ళు వెతికి వెతికి చూస్తున్న రోజులవి. గిబెర్తి తనే అలాంటివి సేకరించి ఇంట్లో పెట్టుకున్నాడు.

ఇక తోమా. ఈ గదిలో ఎక్కువ సేపు ఇక్కడే గడపండి. వెరోక్కియో అనే శిల్పి దీన్ని 1467 ప్రాంతంలో మొదలుపెడితే గూటిలోకి చేరింది 1483 జూన్‌లో. పునరుత్థానుడైన క్రీస్తు చెయ్యెత్తి, రెండో చేత్తో వస్త్రం పక్కకి లాగి గాయం చూపిస్తున్నాడు. తోమా చెయ్యి చాచాడు. వేలు ఇంకా తగల్లేదు. ఆ సందు చూడండి. ఒక అంగుళం కూడా ఉండదేమో, శిల్పం మొత్తం అక్కడే ఆగి ఉంది.

చేయించింది వ్యాపారుల కోర్టు. సాక్ష్యం చూసి తీర్పు చెప్పేవాళ్ళు, సాక్ష్యం అడిగిన శిష్యుణ్ణి ఎంచుకున్నారు. మామూలుగా సందేహించినవాడంటే తక్కువ చూపు. ఇక్కడ క్రీస్తు ఆయన్ని కసరడం లేదు, చూడు నాయనా అన్నట్టు చెయ్యెత్తి నిలబడ్డాడు. బట్టల అంచుల మీద లాటిన్ అక్షరాలు చెక్కి ఉన్నాయి. క్రీస్తు వస్త్రం అంచున "చూశావు కాబట్టి నమ్మావు" అన్న మాట, తోమా అంచున "నా ప్రభూ, నా దేవా" అన్న మాట. రాత్రి చదివింది ఇక్కడ పనికొస్తుంది.

ఇప్పుడు వెనక్కి వెళ్ళండి. ఇద్దరికీ వీపు లేదు! బోలుగా, తెరిచి ఉంటుంది. లోపలి కంచు గోడ, దాని గరుకుతనం కళ్ళారా చూడొచ్చు. ఆ గూడు ఒక్క విగ్రహం కోసం కట్టినది, అందులో ముందు దొనాతెల్లో చేసిన బంగారు పూత లూయీ బిషప్ ఉండేవాడు. ఇద్దర్ని ఇరికించాలంటే మందం తగ్గించాలి. వెరోక్కియో వీపులు తీసేశాడు, కంచు కూడా ఆదా. అయినా చోటు చాలక తోమాని గూటి గడప బయట నిలబెట్టాడు. పాదం అంచు దాటి వీధి వైపు వచ్చింది. చోటు లేక చేసిన పనో, కావాలని చేసిన పనో కానీ, సందేహించేవాడు జనం వైపు నిలబడ్డాడు. మా మరిది ఫోటో తీసుకుంటూ "వదినా, ఈయన మనలో ఒకడే" అన్నాడు. అతనికి ఏ బోర్డూ చదివించలేదు.

బార్జెల్లో

అక్కడినుంచి పది నిమిషాల నడక. పాత పోలీసు అధికారి కోట, జైలు, 1865 నుంచి మ్యూజియం. పై అంతస్తులో దొనాతెల్లో పేరుతో ఉన్న పెద్ద హాల్లోకి నేరుగా వెళ్ళిపోండి.

గోడ మీద పక్కపక్కనే రెండు చిన్న కంచు పలకలుంటాయి. జనం వాటిని దాటుకుంటూ పోతారు. మీరు ఆగండి. పొద్దున చూసిన మూడిట్లో రెండో తలుపు కాంట్రాక్టు కోసం 1401లో పోటీ పెట్టారు. అందరికీ ఒకే కథ, ఒకే చట్రం, ఏడాది గడువు. కథ ఇస్సాకు బలి. ఏడుగురు పోటీ పడితే మిగిలినవి ఈ రెండే: ఒకటి గిబెర్తిది, ఒకటి బ్రునెల్లెస్కిది. ఇద్దరికీ అప్పుడు ఇరవై మూడు, ఇరవై నాలుగేళ్ళు.

బ్రునెల్లెస్కి పలకలో తండ్రి చెయ్యి కొడుకు గొంతు మీద ఉంది, కత్తి మెడకి ఆనింది, దేవదూత వచ్చి మణికట్టు పట్టుకుని ఆపాడు. చూస్తే భయమేస్తుంది. కింద మూల ఒక పనివాడు వంగి తన పాదంలో ముల్లు తీసుకుంటున్నాడు. అది పాత రోమన్ కంచు బొమ్మ నుంచి తెచ్చిన భంగిమ. గిబెర్తి పలకలో కత్తి ఇంకా వెనకే ఉంది, దేవదూత ఆకాశం నుంచి దూసుకొస్తున్నాడు. ఇస్సాకు బలిపీఠం మీద మోకాళ్ళ మీద ఉన్నాడు. ఒంటిమీద బట్టల్లేవు. ఆ ఛాతీ, ఆ నడుము తిప్పు చూడండి. పాత గ్రీకు, రోమన్ శిల్పం చూసినవాడు తప్ప చెయ్యలేడు. బలివ్వబోయే పిల్లాడి ఒళ్ళు అంత అందంగా చేస్తేనే ఆ బలి ఎంత పెద్దదో తెలుస్తుంది. ఇక్కడ భక్తికీ ఒంటి అందానికీ పోట్లాట లేదు.

నా ఓటు బ్రునెల్లెస్కికి, కథ చెప్పడంలో. కానీ కాంట్రాక్టు ఇచ్చే కుర్చీలో కూర్చుంటే నేనూ గిబెర్తికే ఇచ్చేదాన్ని. బ్రునెల్లెస్కి బొమ్మల్ని విడివిడిగా పోసి పలకకి బిగించాడు. గిబెర్తి ఇస్సాకు లాంటి ఒకటి రెండు భాగాలు తప్ప మొత్తం ఒకే పోతలో తీశాడు, వెనక బోలు చేసి. బరువు ఏడు కిలోలు తక్కువ. అలాంటి పలకలు 28 పొయ్యాలంటే ఎంత కంచు మిగులుతుందో వ్యాపారుల సంఘానికి లెక్క తెలియదా?

హాలు మధ్యలో దొనాతెల్లో కంచు దావీదు. ఎత్తు 158 సెంటీమీటర్లు. పాత రోమ్ తర్వాత, చుట్టూ తిరిగి చూడగలిగేలా ఒంటరిగా నిలబెట్టిన మొదటి నగ్న పురుష విగ్రహం ఇదేనని చెబుతారు. 1440ల నాటిదని ఎక్కువమంది లెక్క. ఊళ్ళో పెత్తనం చేసిన బ్యాంకర్ల కుటుంబం మెదీచీల ఇంటి ముంగిట్లో ఉండేది. చర్చిలో కాదు, గూటిలో కాదు. పరిశుద్ధ కథ గోడ వదిలి వచ్చేసింది.

మా అత్తయ్యని తీసుకెళ్ళినప్పుడు కాసేపు మాట్లాడలేదు. తర్వాత నెమ్మదిగా, "ఏమ్మా, దేవుడి కథ అన్నావు, ఒంటిమీద నూలుపోగు లేదేంటి?" అంది.

"టోపీ ఉంది, బూట్లు ఉన్నాయి కదా అత్తయ్యా."

"అదే మరీ విడ్డూరంగా ఉంది."

దీనికి కథలోనే ఆధారం ఉంది. సౌలు రాజు తన కవచం తొడిగితే దావీదు అలవాటు లేదని తీసేస్తాడు. కవచం లేకుండా గెలిచాడంటే అది దేవుడి బలం అని అర్థం. అదే ఒంటిని పాత రోమన్ యువకుడి ఒంటిలా చేస్తే మానవతావాదులు మురిసిపోయారు. పీఠం మీద లాటిన్ పద్యం ఉండేది: దేశాన్ని కాపాడేవాడే విజేత, ఒక పిల్లాడు నియంతని జయించాడు, పౌరులారా గెలవండి అని. ఇన్ని అర్థాలు ఒక్క విగ్రహంలో.

ఎలా చూడాలంటే, మొదట కుడి కాలు. బరువంతా దాని మీదే. ఎడమ పాదం గొల్యాతు తల మీద ఊరికే ఆనించాడు. తర్వాత గొల్యాతు శిరస్త్రాణానికున్న రెక్క కుడి కాలి లోపలివైపు పైకి ఎక్కడిదాకా వచ్చిందో పక్కనుంచి చూడండి. వెనక్కి వెళ్ళి వీపు, భుజాలు చూడండి. మళ్ళీ ముందుకొచ్చి కిందకి వంగి, టోపీ అంచు కింద ముఖం చూడండి. అత్తయ్య ఈ చుట్టంతా తిరిగొచ్చి, "పిల్లాడు గెలిచినట్టు లేడే, ఏదో ఆలోచిస్తున్నాడు" అంది. మన గుళ్ళో ఉత్సవ విగ్రహాలు కూడా మైనం పద్ధతిలో పోసినవే, కానీ ఎక్కువగా గట్టి పోత. పట్టుబట్టలు, పూలదండలు కట్టి ఉంటాయి. మనం చూసేది ఎదురుగా, ముఖం, పాదాలు. వెనక్కి తిరిగి చూడటం అన్న ఆలోచనే రాదు. ఇక్కడ అత్తయ్యకి వెనక్కి వెళ్ళడానికి మొహమాటం పోవడానికే కొంత టైము పట్టింది.

అదే మ్యూజియంలో వెరోక్కియో దావీదు కూడా ఉంటాడు, 1460ల చివరివాడో 1470ల మొదటివాడో. వీడికి బట్టలున్నాయి, మోచేతులు ఎముకలు తేలి ఉంటాయి, పెదాల మీద కాస్త పొగరు. ఇద్దరిలో ఎవరు నచ్చారో చుట్టాలు రైల్లో వాదించుకుంటారు.

టైముంటే

పాత ప్రభుత్వ భవనం వెక్కియో ప్యాలెస్ పైన దొనాతెల్లో యూదితు ఉంది. బయట కూడలిలో ఉన్నది నకలు. ప్రొటెస్టెంట్ తెలుగు బైబిల్లో ఈ గ్రంథం ఉండదు, కథోలిక బైబిల్లో ఉంటుంది. తన ఊరిని ముట్టడించిన సేనాపతి తల నరికిన విధవ. పదకొండు ముక్కలుగా పోసి అతికారు. నుదుటి మీది ముసుగు దగ్గర నేత పోగులు కనిపిస్తాయి. నిజం గుడ్డని మైనంలో ముంచి నమూనా మీద వేసి పోసేశారన్నమాట. ఇది కూడా మెదీచీలదే. వాళ్ళని ఊరినుంచి తరిమేశాక 1495లో ప్రభుత్వం దీన్ని తన భవనం ముందు పెట్టుకుంది. విగ్రహం మారలేదు, సేనాపతి అంటే ఎవరన్నదే మారింది: ఈసారి మెదీచీలే.

సాన్ లొరెంజో చర్చి మాత్రం వదలకండి. లోపల స్తంభాల మీద దొనాతెల్లో ముసలితనంలో మొదలుపెట్టిన రెండు కంచు ప్రసంగ వేదికలున్నాయి. ఆయన 1466లో పోయాడు, శిష్యులు పూర్తి చేశారు. ఎత్తులో ఉంటాయి కాబట్టి చిన్న బైనాక్యులర్ ఉంటే తీసుకెళ్ళండి, లేకపోతే ఫోన్ జూమ్. పునరుత్థానం దృశ్యం వెతకండి. మామూలుగా ఈ దృశ్యంలో క్రీస్తు జెండా పట్టుకుని వెలుగులో నిటారుగా ఉంటాడు. ఇక్కడ ఆయన ఇంకా చావు బట్టల్లోనే ఉన్నాడు, జెండా కర్ర మీద బరువు మోపి, సమాధి అంచు మీద కాలు పెట్టి, అలసిపోయి పైకి లేస్తున్నాడు. మోకాలు వెతికే పని ఇక్కడ చాలా సులువు, ఆ లేవడమంతా మోకాలి మీదే ఉంది. ఫెట్లింగ్ పూర్తిగా చెయ్యలేదు, చాలాచోట్ల మైనం మీద వేళ్ళతో ఒత్తిన గరుకుతనం అలాగే ఉంది. క్వాలిటీ సెక్షన్ మనిషిగా నేనైతే రిజెక్ట్ ముద్ర వేసేదాన్ని. ఈ ఊళ్ళో నాకు అన్నిటికన్నా ఇష్టమైనది కూడా అదే.

పిల్లలు వెంట ఉంటే ఏదో ఒకటి ముట్టుకుంటామని గోల చేస్తారు. మ్యూజియంలలో కుదరదు, గార్డులు ఊరుకోరు. వాళ్ళని మెర్కాతో నువోవో మార్కెట్‌కి తీసుకెళ్ళండి, ఓర్సాన్‌మికేలే నుంచి ఐదు నిమిషాలు. అక్కడ కంచు అడవిపంది ఉంది, పియెత్రో తక్కా చేసినదానికి నకలు. అదృష్టం కోసం అందరూ దాని ముట్టె రుద్దుతారు. ఒళ్ళంతా ముదురు రంగు, ముట్టె మాత్రం పసుపు పచ్చగా మెరుస్తుంటుంది. కంచు అసలు రంగు అదీ అని చూపించండి. సాయంత్రం ఆరు దాటితే అక్కడ కూడా క్యూ ఉంటుంది.